సేలం మంత్రగత్తెల విచారణలు

ఈ వ్యాసం అమెరికా సంయుక్త రాష్ట్రాలలోని సేలం గురించి. తమిళనాడులోని నగరం కొరకు సేలం (తమిళనాడు) చూడండి.

సేలం మంత్రగత్తెల విచారణలు 1692 ఫిబ్రవరి నుండి 1693 మే వరకు ఉత్తర అమెరికాలోని మసాచుసెట్స్ బే అను ఆంగ్లేయ వలస రాజ్యంలో జరిగినవి. సేలం గ్రామంలో ఇద్దరు బాలికలకు వచ్చిన అంతుపట్టని జబ్బుతో ఇవి మొదలైనవి. ఎవరో చేతబడి చేశారన్న పుకారు పుట్టి, కొద్ది నెలలలోనే ఇరుగుపొరుగు ఊళ్ళకు పాకినది. 150 మందికి పైగా నిందితులై చెరసాలల పాలైనారు. 19 మందిని ఉరి తీశారు. ఒక వృద్ధుని బండరాళ్ళ బరువు క్రింద నలిపి చంపారు. కనీసం 5గురు చెరసాలలోనే మరణించారు. ఉరి తీయబడిన వారిలో 14 మంది స్త్రీలు, 5గురు పురుషులు.

ఇందులో నిందితులు, ఫిర్యాదుదారులు, సాక్షులు చాలావరకు ఒకరినొకరు ఎరిగినవారు. ఒకే చర్చిలో ప్రార్థన చేసినవారు, పొలం గట్లు కలిసినవారు, బంధువులు. బయటి శత్రువు చొరబడకుండానే ఒక చిన్న సమాజం పుకారు వల్ల, పరస్పర అపనమ్మకం వల్ల ఎట్లు చీలిపోగలదో తెలిపే ఉదాహరణగా చరిత్రకారులు, సామాజిక శాస్త్రవేత్తలు ఈ ఉదంతాన్ని తరచుగా పేర్కొంటారు. కోర్టు పత్రాలు, అర్జీలు, సాక్ష్యాలు పెద్ద సంఖ్యలో భద్రంగా మిగిలి ఉండుట వల్ల దీనిని రోజువారీగా అధ్యయనం చేయుటకు వీలు కలిగినది.

నేపథ్యం

రెండు సేలంలు

ఆ కాలంలో సేలం పేరుతో రెండు ప్రాంతాలు ఉండేవి. సముద్ర వర్తకంతో వర్ధిల్లిన రేవు సేలం పట్టణం. దానికి కొన్ని మైళ్ళ దూరంలో, వ్యవసాయం మీద ఆధారపడినది సేలం గ్రామం. గ్రామ జనాభా 500 - 600 మధ్య ఉండేది. గ్రామం పాలన విషయంలో పట్టణానికి లోబడి ఉండేది. పన్నులు పట్టణానికి చెల్లించవలెను. 1672లో సొంతంగా ప్రార్థనా మందిరం కట్టుకొని పాస్టరును నియమించుకొనుటకు గ్రామానికి అనుమతి లభించినది. నేటి సేలం నగరం ఆనాటి పట్టణమే. ఆనాటి గ్రామం 1752లో వేరుపడి డాన్వర్స్ అను పేరు పొందినది.

గ్రామంలో పట్నం కుటుంబం, పోర్టర్ కుటుంబం బలమైనవి. పట్నంలు ప్రధానంగా భూమిని నమ్ముకొన్నవారు. పోర్టర్‌లకు పట్టణంలోని వర్తకులతో సంబంధాలు ఉండేవి. గ్రామం పట్టణం నుండి పూర్తిగా విడిపోవలెనని కొందరు, వద్దని కొందరు వాదించేవారు. వీటికి తోడు పొలాల సరిహద్దు తగాదాలు, పశువులు పంట మేసిన తగాదాలు, వారసత్వపు వ్యాజ్యాలు ఏండ్ల తరబడి నడిచేవి. పొరుగున ఉన్న టాప్స్‌ఫీల్డ్ వాసులతో పట్నంలకు భూముల వివాదం ఉండేది. తరువాత నిందితురాలైన రెబెక్కా నర్స్ పుట్టినింటివారు టాప్స్‌ఫీల్డ్‌కు చెందినవారే.

పాస్టరు జీతం తగవు

మొదటి ముగ్గురు పాస్టర్లు గ్రామస్తులతో పొసగక వెళ్ళిపోయారు. వారిలో జార్జ్ బరోస్ ఒకడు. భార్య అంత్యక్రియల నిమిత్తం చేసిన అప్పు విషయంలో పట్నం కుటుంబీకులు ఇతనిపై వ్యాజ్యం వేశారు. 1689లో సామ్యూల్ పారిస్ నాలుగవ పాస్టరుగా వచ్చాడు. అతని జీతం, చలికాలానికి ఇవ్వవలసిన కట్టెలు, నివాస గృహంపై హక్కు అనే మూడు విషయాలపై ఊరు రెండుగా చీలినది. 1691 అక్టోబరులో పారిస్ వ్యతిరేకులు గ్రామ కమిటీలోకి వచ్చి, అతని జీతం కొరకు పన్ను వసూలు చేయుటకు నిరాకరించారు. పారిస్ తన ప్రసంగాలలో, సాతాను సంఘం లోపలనే పనిచేయుచున్నాడని పదే పదే హెచ్చరింపసాగాడు.

యుద్ధ భయం, పాలన లోపం

ఉత్తరాన మేన్ ప్రాంతంలో ఫ్రెంచివారు, వారితో కలిసిన స్థానిక తెగలవారు ఒక ప్రక్క, ఆంగ్లేయ వలసవారు మరొక ప్రక్కగా యుద్ధం సాగుచుండెను. 1692 జనవరిలో యార్క్ అను ఊరిపై దాడి జరిగి పెక్కుమంది చనిపోయారు. సరిహద్దు నుండి పారిపోయి వచ్చిన అనాథలు, కాందిశీకులు సేలం ప్రాంతంలో తలదాచుకొన్నారు. ఫిర్యాదు చేసిన బాలికలలో కొందరు ఇట్టివారే. అంతకు ముందు 1690లో మశూచి వ్యాపించినది. 1684లో వలస రాజ్యపు అధికార పత్రం రద్దయినందున, కొత్త గవర్నరు వచ్చేవరకు పాలనకు సరైన చట్టబద్ధత లేకపోయినది.

అప్పటి యూరపులోను, వలసలలోను మంత్రవిద్య మరణశిక్షకు తగిన నేరం. మంత్రగత్తెలు ఉన్నారని చదువుకున్నవారు కూడా నమ్మేవారు. కనుక పుకారును విన్నవారు అది సాధ్యమా అని సందేహించలేదు, ఆ పని చేసినది ఎవరు అని మాత్రమే వెతికారు.

ఆరంభం

1692 జనవరిలో పాస్టరు పారిస్ కుమార్తె బెట్టీ (9 సంవత్సరాలు), ఆ ఇంటిలోనే ఉంటున్న బంధువుల బాలిక అబిగైల్ విలియమ్స్ (11 సంవత్సరాలు) వింతగా ప్రవర్తించసాగారు. శరీరం మెలికలు తిరుగుట, ఎవరో గిల్లుచున్నట్లు, సూదులతో పొడుచుచున్నట్లు కేకలు వేయుట, అర్థం లేని మాటలు పలుకుట వారి లక్షణాలు. వైద్యుడు కారణం కనుగొనలేక ఇది దుష్టశక్తి పని అని చెప్పాడు. త్వరలోనే ఆన్ పట్నం (12 సంవత్సరాలు), ఎలిజబెత్ హబ్బర్డ్ (17 సంవత్సరాలు) అనే ఇద్దరికి అవే లక్షణాలు కనిపించినవి.

ఫిబ్రవరి 25 ప్రాంతంలో మేరీ సిబ్లీ అను పొరుగింటి గృహిణి సలహా మీద, పారిస్ ఇంటి బానిసలైన టిటూబా, జాన్ ఇండియన్ దంపతులు రై పిండిలో ఆ బాలికల మూత్రం కలిపి రొట్టె కాల్చి కుక్కకు పెట్టారు. చేతబడి చేసినవారెవరో దీని వల్ల బయటపడునని నమ్మకం. దిష్టి తీయుట వంటి ఈ పనిని పారిస్ తీవ్రంగా ఖండించాడు. సాతానును పట్టుకొనుటకు సాతాను సహాయం కోరినట్లయినదని అతని వాదన. కాని అప్పటికే ఊరిలో ఈ మాట పొక్కిపోయినది. పెద్దలు "ఎవరు? ఎవరు?" అని గుచ్చి గుచ్చి అడుగగా బాలికలు ముగ్గురు స్త్రీల పేర్లు చెప్పారు.

* టిటూబా - పాస్టరు ఇంటి బానిస. కోర్టు పత్రాలలో ఆమెను "ఇండియన్" అని వ్రాశారు.
* సారా గుడ్ - ఇల్లు వాకిలి లేక, బిడ్డలతో ఇంటింటా యాచించుకొను పేదరాలు.
* సారా ఆస్బోర్న్ - మంచం పట్టిన స్త్రీ. భర్త మరణానంతరం ఇంటి పాలేరును వివాహమాడినందున, ఆస్తి తగాదా వల్ల ఊరివారి మాటలకు గురియైనది.

ముగ్గురూ ఊరిలో అండలేనివారు. ఫిబ్రవరి 29న అరెస్టు వారంట్లు వెలువడినవి. మార్చి 1న జాన్ హాథార్న్, జోనథన్ కార్విన్ అను మేజిస్ట్రేట్లు జనసమూహం ఎదుట వారిని ప్రశ్నించారు.

సారా గుడ్ మీద వచ్చిన సాక్ష్యాలు గమనింపదగినవి. ఆమె భిక్ష అడిగినప్పుడు లేదన్నామనియు, ఆమె ఏదో గొణుగుకొనుచు వెళ్ళినదనియు, తరువాత తమ పశువులు చచ్చినవనియు పొరుగువారు చెప్పారు. ఏమి గొణిగితివని అడుగగా ఆమె దైవవాక్యం చెప్పుకొన్నానన్నది. ఆమె భర్తయే తన భార్య మంత్రగత్తె అయి ఉండునని, లేదా త్వరలో అగునని అనుమానం వెలిబుచ్చాడు.

టిటూబా ఒప్పుకోలు

సారా గుడ్, సారా ఆస్బోర్న్ నేరాన్ని నిరాకరించారు. టిటూబా కూడా మొదట కాదన్నది, తరువాత ఒప్పుకొన్నది. నల్లని దుస్తుల మనిషి ఒకడు వచ్చి తన పుస్తకంలో సంతకం చేయుమన్నాడనియు, అందులో 9 గుర్తులు చూచితిననియు, వాటిలో గుడ్, ఆస్బోర్న్ గుర్తులున్నవనియు చెప్పినది. పారిస్ తనను కొట్టి ఒప్పించాడని ఆమె తరువాత చెప్పినట్లు ఆ కాలపు గ్రంథంలో నమోదై ఉన్నది.

ఈ 9 అను సంఖ్య ఊరి గతిని మార్చివేసినది. పట్టుబడినవారు ముగ్గురే. అట్లయిన మిగిలినవారు ఎవరు? వారు ఇంకను ఊరిలోనే, చర్చిలో తమ ప్రక్కనే కూర్చుండి ఉన్నారను భయం ప్రతి ఇంటిలోను ప్రవేశించినది. అంతవరకు ముగ్గురు నిస్సహాయులపై ఉన్న అనుమానం ఇక ఎవరిపైనైనా వాలగల స్థితి వచ్చినది.

అనుమానం వ్యాపించిన తీరు

గౌరవనీయుల మీదికి

మార్చిలో మార్తా కోరీ నిందితురాలైనది. ఆమె సంఘ సభ్యురాలు. బాలికల మాటలు నమ్మదగినవి కావని ఆమె బహిరంగంగా అనుట, విచారణకు వెళ్ళవద్దని భర్తకు చెప్పుట ఆమెపై అనుమానానికి కారణమైనవి. భర్త గైల్స్ కోరీ మొదట ఆమెకు వ్యతిరేకంగా మాట్లాడాడు. ఆమె పొయ్యి దగ్గర మోకరించినప్పుడు ప్రార్థన వినబడలేదని, తన ఎద్దుకు జబ్బు చేసినదని అతని అనుమానాలు. ఆరు నెలల తరువాత అతడే నిందితుడై ప్రాణం కోల్పోయాడు.

తరువాత 71 సంవత్సరాల రెబెక్కా నర్స్‌ను నిర్బంధించారు. భక్తురాలని అందరూ గౌరవించిన స్త్రీ ఆమె. ఆమె మంచితనానికి సాక్ష్యంగా 39 మంది ఇరుగుపొరుగువారు అర్జీపై సంతకాలు చేశారు. సంతకం చేసినవారు కూడా అనుమానానికి గురికాగల ఆ రోజులలో ఇది చిన్న సాహసం కాదు. ఆమె చెల్లెండ్రు మేరీ ఈస్టీ, సారా క్లాయిస్ కూడా నిందితులైనారు. సారా గుడ్ కుమార్తె డొరోథీ అను నాలుగైదేండ్ల పసిబిడ్డను కూడా సంకెళ్ళతో చెరసాలలో ఉంచారు. ఆ బిడ్డ మతి స్థిమితం కోల్పోయి, ఆ తరువాత ఎన్నడూ కోలుకోలేదని 1710లో తండ్రి ప్రభుత్వానికి విన్నవించుకొన్నాడు.

పాత కక్షలు, కొత్త సాక్ష్యాలు

విచారణలో చెప్పిన సంగతులు పెక్కు పదేండ్లు, ఇరువదేండ్లనాటివి. ఎన్నడో చనిపోయిన పశువు, నిద్రలో ఛాతీపై బరువుగా తోచుట, మాట మాట అనుకొన్న తరువాత బిడ్డకు జబ్బు చేయుట వంటివి కోర్టులో నేర నిరూపణలైనవి.

ఎలిజబెత్ హౌ ఉదంతం ఇందుకు మంచి ఉదాహరణ. పదేండ్ల క్రితం పొరుగింటి బాలిక జబ్బుకు ఆమె కారణమని పుకారు పుట్టినది. ఆ పుకారు కారణంగా ఇప్స్‌విచ్ చర్చిలో ఆమెకు సభ్యత్వం దొరకలేదు. సభ్యత్వం దొరకకపోవుటయే ఆమె దోషానికి నిదర్శనమని ఊరు భావించినది. సుసానా మార్టిన్ మీద 1669లోనే ఇట్టి ఆరోపణ వచ్చినది. బ్రిడ్జెట్ బిషప్ మీద కూడా అంతకు పూర్వమే ఒకసారి ఆరోపణ వచ్చి వీగిపోయినది. వీగిపోయిన ఆరోపణ నిర్దోషిత్వానికి గుర్తు కావలెను. కాని "నిప్పు లేనిదే పొగ రాదు" అను ధోరణిలో అది రెండవ ఆరోపణకు బలమైనది.

ఛాయారూప సాక్ష్యం

నిందితురాలి ఛాయ తనను హింసించుచున్నదని బాధితురాలు చెప్పుటయే ఛాయారూప సాక్ష్యం. ఆ సమయంలో నిందితురాలు వేరొక చోట ఉన్నానని నిరూపించినను ప్రయోజనం లేదు. ఛాయ ఎక్కడికైనా పోగలదు గదా. ఆ ఛాయ బాధితురాలికి తప్ప ఇతరులకు కనిపించదు. కావున దీనిని ఖండించుటకు ఏ మార్గమూ లేకపోయినది. నిందితురాలు కోర్టులో తల వంచిన బాలికల తలలు వంగెడివి. పెదవి కొరుక్కొనిన తమను కొరికినదని ఏడ్చేవారు. ఆన్ పట్నం తండ్రి థామస్ పట్నం పలు ఫిర్యాదులు, సాక్ష్యాలు స్వహస్తంతో వ్రాశాడు.

ఒప్పుకొన్నవారికి ప్రాణం

నేరం ఒప్పుకొని, ఇతరుల పేర్లు చెప్పినవారి విచారణను వాయిదా వేసేవారు. నిర్దోషినని పట్టుబట్టినవారిని ఉరి తీసేవారు. 50 మందికి పైగా ఒప్పుకొన్నారు. వారు చెప్పిన పేర్లతో మరి కొందరు పట్టుబడుట, వారు మరి కొందరిని చెప్పుట జరిగినది. ఉరి తీయబడినవారు అబద్ధం చెప్పి బ్రతుకుటకు సమ్మతించనివారు. సామ్యూల్ వార్డ్‌వెల్ మొదట ఒప్పుకొని, తరువాత అది అబద్ధమని చెప్పినందున ఉరికంబం ఎక్కవలసి వచ్చినది.

జాన్ ప్రాక్టర్ జూలైలో చెరసాల నుండి బోస్టన్ పాస్టర్లకు వ్రాసిన ఉత్తరంలో, మార్తా క్యారియర్ కుమారులను మెడకు, మడమలకు కలిపి కట్టి ఒప్పించారని తెలిపాడు. ఆ కుమారులు, ఏడెనిమిదేండ్ల కుమార్తె కూడా తల్లి మంత్రగత్తె అని చెప్పారు.

ఆండోవర్

1692 వేసవిలో ఆండోవర్ అను ఊరిలో ఒకడు తన భార్య జబ్బుకు కారణం తెలుసుకొనుటకు సేలం బాలికలను పిలిపించాడు. అక్కడ "స్పర్శ పరీక్ష" జరిపారు. మూర్ఛలో ఉన్న బాలికను అనుమానితులు తాకవలెను. ఆమె శాంతించినచో తాకినవారు దోషులు. ఆ బాలికలకు ఆ ఊరివారి పేర్లు కూడా సరిగా తెలియవు. అయినను 40 మందికి పైగా నిందితులైనారు. ఏ ఇతర ఊరిలోను ఇంతమంది నిందితులు లేరు. ఒప్పుకొన్నచో ప్రాణం దక్కునని చెప్పి, భర్తలు భార్యలను, తల్లిదండ్రులు బిడ్డలను ఒప్పుకొనుమని బ్రతిమాలుకొన్నారు.

ప్రత్యేక న్యాయస్థానం

1692 మే 14న కొత్త గవర్నరు విలియం ఫిప్స్ వచ్చుసరికి చెరసాలలు నిండి ఉన్నవి. అప్పటికే మే 10న సారా ఆస్బోర్న్ బోస్టన్ చెరసాలలో మరణించినది. గవర్నరు మే 27న ఒక ప్రత్యేక న్యాయస్థానం ఏర్పాటు చేశాడు. ప్రధాన న్యాయమూర్తి విలియం స్టౌటన్. మొదటి తీర్పు బ్రిడ్జెట్ బిషప్‌పై వచ్చినది. ఆ తరువాత నథానియెల్ సాల్టన్‌స్టాల్ అను న్యాయమూర్తి అసంతృప్తితో తప్పుకొన్నాడు. జూన్ 15న పాస్టర్ల బృందం ఛాయారూప సాక్ష్యం విషయంలో జాగ్రత్త వహింపుమని చెబుతూనే, విచారణలు త్వరగా సాగించుమని కూడా సలహా ఇచ్చినది. న్యాయస్థానం రెండవ మాటను మాత్రమే పాటించినది.

రెబెక్కా నర్స్ తీర్పు

జ్యూరీ మొదట రెబెక్కా నర్స్ నిర్దోషి అని తీర్పు చెప్పినది. బాలికలు పెద్దగా అరచి గోల చేశారు. విచారణలో ఒప్పుకోలు చేసిన మరొక స్త్రీని సాక్ష్యానికి తెచ్చినప్పుడు రెబెక్కా, "ఆమె మాలో ఒకతె" అను అర్థం వచ్చునట్లు పలికిన మాటను మరల పరిశీలింపుమని స్టౌటన్ జ్యూరీని కోరాడు. జ్యూరీ పెద్ద ఆ మాటకు అర్థమేమని ఆమెను అడిగాడు. ఆమె బదులు చెప్పలేదు. ఆ మౌనం దోషానికి గుర్తు అనుకొని తీర్పు మార్చారు. తనకు చెవులు సరిగా వినబడవనియు, ఆ ప్రశ్న వినలేదనియు, "మాలో ఒకతె" అనగా తనతో పాటు చెరసాలలో ఉన్న తోటి ఖైదీ అని తన భావమనియు ఆమె తరువాత తెలిపినది. అయినను శిక్ష తప్పలేదు.

మరణశిక్షలు

* జూన్ 10 - బ్రిడ్జెట్ బిషప్.
* జూలై 19 - సారా గుడ్, రెబెక్కా నర్స్, సుసానా మార్టిన్, ఎలిజబెత్ హౌ, సారా వైల్డ్స్.
* ఆగస్టు 19 - జార్జ్ బరోస్, జాన్ ప్రాక్టర్, జాన్ విల్లార్డ్, జార్జ్ జేకబ్స్, మార్తా క్యారియర్.
* సెప్టెంబరు 19 - గైల్స్ కోరీ. సుమారు 80 సంవత్సరాల ఈ రైతు జ్యూరీ విచారణకు సమ్మతింపనందున, ఒప్పించుటకై శరీరంపై బరువులు పేర్చగా మరణించాడు.
* సెప్టెంబరు 22 - మార్తా కోరీ, మేరీ ఈస్టీ, ఆలిస్ పార్కర్, మేరీ పార్కర్, ఆన్ ప్యూడియేటర్, విల్మాట్ రెడ్, మార్గరెట్ స్కాట్, సామ్యూల్ వార్డ్‌వెల్.

మాజీ పాస్టరు జార్జ్ బరోస్ ఉరికంబం వద్ద పరలోక ప్రార్థనను తప్పు లేకుండా వల్లించాడు. మంత్రగాడు అట్లు చేయలేడని జనుల నమ్మిక. జనం చలించారు. గుర్రంపై ఉన్న కాటన్ మాథర్ అను పాస్టరు, సాతాను దేవదూత వేషం కూడా ధరింపగలడని చెప్పి వారిని శాంతింపజేశాడు. ఆ విధంగా నిర్దోషిత్వానికి ఉన్న ఒక్క గుర్తును కూడా దోషానికి గుర్తుగా మార్చివేశారు.

మేరీ ఈస్టీ తన అర్జీలో, తాను మరణించక తప్పదని ఎరుగుదుననియు, తన ప్రాణం కొరకు కాక ఇకపై నిరపరాధుల రక్తం చిందకుండుట కొరకు వేడుకొనుచున్నాననియు వ్రాసినది. ఈ అర్జీ ఆ విచారణల పత్రాలలో ఎక్కువగా చదువబడునది.

ముగింపు

నిందితుల జాబితాలో పలుకుబడి కలవారి పేర్లు చేరినకొలదీ సందేహాలు పెరిగినవి. గవర్నరు భార్యపై కూడా అనుమానం వచ్చినదని అప్పటివారు చెప్పుకొన్నారు. అక్టోబరు 3న బోస్టన్‌లో ఇంక్రీజ్ మాథర్ అను ప్రముఖ పాస్టరు, కాటన్ మాథర్ తండ్రి, ఛాయారూప సాక్ష్యాన్ని ఖండించు రచనను పాస్టర్ల ముందుంచాడు. ఒక నిరపరాధి శిక్షింపబడుట కంటె పదిమంది అనుమానితులు తప్పించుకొనుటయే మేలు అన్నది ఆయన వాదన. గవర్నరు అక్టోబరు 29న ప్రత్యేక న్యాయస్థానాన్ని రద్దు చేశాడు.

1693 జనవరిలో కొత్త ఉన్నత న్యాయస్థానం ఛాయారూప సాక్ష్యాన్ని లెక్కలోనికి తీసుకొనకుండా విచారింపగా, దాదాపు అందరూ నిర్దోషులని తేలినది. దోషులని తేలిన ముగ్గురికి కూడా గవర్నరు శిక్ష నిలిపివేశాడు. మే నెలలో మిగిలినవారి విడుదలకు ఉత్తర్వు ఇచ్చాడు. అయితే ఖైదీలు తమ తిండి ఖర్చు, సంకెళ్ళ ఖర్చు చెల్లించిన గాని బయటకు వదిలేవారు కారు. టిటూబా ఖర్చును పారిస్ చెల్లింపనందున ఆమె ఏడాదికి పైగా చెరలో ఉండి, ఆ ఖర్చు చెల్లించిన మరొకరికి అమ్ముడుపోయినది. ఆపై ఆమె చరిత్రలో కనిపించదు.

పశ్చాత్తాపం, పరిహారం

1697 జనవరి 14న వలస రాజ్యమంతటా ఉపవాస ప్రార్థన దినం పాటించారు. ఆ రోజున న్యాయమూర్తి సామ్యూల్ సెవల్ బోస్టన్ చర్చిలో నిలబడి ఉండగా, తన దోషాన్ని అంగీకరించు పత్రాన్ని పాస్టరు చదివాడు. జ్యూరీ సభ్యులు 12 మంది కూడా క్షమాపణ పత్రం వ్రాశారు. స్టౌటన్ మాత్రం తన తప్పు ఒప్పుకొనలేదు.

రెబెక్కా నర్స్ కుటుంబం పారిస్ ఉన్న చర్చిలో అడుగుపెట్టుటకు నిరాకరించినది. చివరకు పారిస్ ఊరు విడిచిపోయాడు. అతని స్థానంలో వచ్చిన జోసఫ్ గ్రీన్ అను యువ పాస్టరు విరోధులైన కుటుంబాలను చర్చిలో దగ్గరగా కూర్చుండజేసి, మెల్లగా సమాధానపరచినాడు. 1703లో మార్తా కోరీ బహిష్కరణను సంఘం రద్దు చేసినది. 1706లో ఆన్ పట్నం సంఘంలో చేరగోరి, చర్చిలో లేచి నిలబడగా ఆమె క్షమాపణను గ్రీన్ చదివి వినిపించాడు. కోపంతో గాని ద్వేషంతో గాని తాను అట్లు చేయలేదనియు, సాతాను వంచనకు లోబడితిననియు, ముఖ్యంగా రెబెక్కా నర్స్, ఆమె చెల్లెండ్ర విషయంలో మట్టిలో పడి క్షమాపణ కోరుచున్నాననియు అందులో ఉన్నది. ఫిర్యాదు చేసిన బాలికలలో ఇట్లు బహిరంగంగా క్షమాపణ చెప్పినది ఆమె ఒక్కతే.

1711లో ప్రభుత్వం 22 మందిపై శిక్షలు రద్దు చేసి, కుటుంబాలకు సుమారు 578 పౌండ్లు పరిహారం మంజూరు చేసినది. 1957లోను, 2001లోను మసాచుసెట్స్ శాసనసభ మిగిలినవారి విషయంలో తీర్మానాలు చేసినది. చివరగా మిగిలిన ఎలిజబెత్ జాన్సన్ (చిన్నామె) పేరు 2022 జూలైలో నిర్దోషిగా నమోదైనది. నార్త్ ఆండోవర్‌లోని ఒక పాఠశాల ఉపాధ్యాయిని, ఆమె ఎనిమిదవ తరగతి విద్యార్థులు పౌరశాస్త్రం పాఠంలో భాగంగా చేసిన కృషి వలన ఇది సాధ్యమైనది. విచారణలకు, ఈ సవరణకు మధ్య 329 సంవత్సరాలు గడచినవి.

కారణాలపై అభిప్రాయాలు

* పాల్ బోయర్, స్టీఫెన్ నిస్సెన్‌బామ్ 1974లో ప్రచురించిన గ్రంథంలో గ్రామంలోని వర్గ విభేదాలను ప్రధాన కారణంగా చూపారు. పారిస్‌కు అనుకూలురు ఫిర్యాదుదారులలోను, వ్యతిరేకులు నిందితుల పక్షంలోను ఎక్కువగా ఉన్నారని వీరి పరిశీలన.
* కారల్ కార్ల్‌సన్ (1987) న్యూ ఇంగ్లండ్‌లో నిందితులైన స్త్రీలలో, మగ వారసులు లేక ఆస్తి పొందినవారు లేదా పొందగలవారు ఎక్కువని చూపినది.
* మేరీ బెత్ నార్టన్ (2002) మేన్ సరిహద్దు యుద్ధ భయాన్ని ముఖ్యంగా ఎత్తి చూపినది.
* 1976లో లిండా కాపొరేల్, రై ధాన్యంపై పెరుగు ఎర్గాట్ అను బూజు వల్ల కలిగిన విషప్రభావమే బాలికల జబ్బు అని ప్రతిపాదించినది. అదే సంవత్సరం స్పానోస్, గాట్లీబ్ అను మనస్తత్వవేత్తలు లక్షణాలు సరిపోవని ఖండించారు. నేడు చరిత్రకారులు ఎక్కువమంది దీనిని అంగీకరించరు.

ఈ కారణాలు ఒకదానినొకటి త్రోసిపుచ్చునవి కావు. భయం, కక్ష, నమ్మకం ముందు నుండియు ఉన్నవి. న్యాయస్థానం వదంతిని సాక్ష్యంగా అంగీకరించుటతో ఈ మూడింటికీ చంపే శక్తి వచ్చినది. అంగీకరించుట మానగానే అవే ఊళ్ళు, అవే కుటుంబాలు ఉన్నప్పటికిని మరణాలు ఆగినవి.

ప్రచారంలో ఉన్న పొరపాట్లు

* సేలంలో ఎవరినీ సజీవ దహనం చేయలేదు. ఇంగ్లండు చట్టం ప్రకారం ఈ నేరానికి శిక్ష ఉరి.
* నిందితులందరూ స్త్రీలు కారు. పురుషులు కూడా పలువురు ఉన్నారు.
* టిటూబా అడవిలో బాలికలకు మంత్రాలు నేర్పినదను కథకు ఆనాటి ఆధారాలు లేవు.
* ఉరి తీసిన చోటు కొండ శిఖరం కాదు. దాని దిగువన ఉన్న ప్రాక్టర్స్ లెడ్జ్ అను ప్రదేశమని పరిశోధకులు 2016లో నిర్ధారించారు. 2017లో అక్కడ స్మారకం నెలకొల్పారు.

సాహిత్యంలో

న్యాయమూర్తి హాథార్న్ వంశంలోనివాడే ప్రసిద్ధ నవలాకారుడు నథానియెల్ హాథార్న్. పూర్వికుని చర్య పట్ల ఆయనకు గల వేదన ఆయన రచనలలో కనిపించును. ఆర్థర్ మిల్లర్ 1953లో వ్రాసిన "ది క్రూసిబుల్" నాటకం ఈ విచారణల ఆధారంగా, కమ్యూనిస్టులన్న అనుమానంతో అమెరికాలో అప్పుడు సాగిన వేటను ఉద్దేశించి వ్రాసినది. ఇందులో అబిగైల్ వయస్సు పెంచి, జాన్ ప్రాక్టర్‌తో సంబంధం కల్పించుట నాటకకర్త కల్పన.

తెలుగు నాట పోలిక

తెలంగాణ జిల్లాలలో బాణామతి, చేతబడి అనియు, కోస్తా జిల్లాలలో చిల్లంగి అనియు పిలువబడు నమ్మకం పేరిట అనుమానితులను కొట్టుట, పళ్ళు ఊడగొట్టుట, చంపుట వంటి ఘటనలు జరిగినవి. ఇక్కడ కూడా బలియైనవారు సాధారణంగా అదే ఊరివారు. జబ్బు, పశు నష్టం, పాత భూ తగాదా కలిసినచోట అనుమానం పుట్టుట సేలం ఉదంతాన్ని తలపించును. జన విజ్ఞాన వేదిక వంటి సంస్థలు గ్రామాలలో మంత్రాల గుట్టు విప్పు ప్రదర్శనలతో ప్రచారం గావించినవి. భారతదేశంలో మంత్రగత్తె అను నిందను నేరంగా పరిగణించు ప్రత్యేక చట్టాన్ని మొదట 1999లో బీహారు చేసినది. తరువాత జార్ఖండ్, ఛత్తీస్‌గఢ్, ఒడిశా, రాజస్థాన్, అస్సాం మొదలైన రాష్ట్రాలు కూడా ఇట్టి చట్టాలు చేసినవి.

2018 మే నెలలో పిల్లలను ఎత్తుకుపోవు ముఠాలు తిరుగుచున్నవని వాట్సాప్‌లో వ్యాపించిన పుకార్ల వలన తెలంగాణలో అమాయకులపై దాడులు, మరణాలు జరిగినవి. అక్కడ మంత్రవిద్య ప్రసక్తి లేదు. బలియైనవారు కొత్తవారు, వదంతి వాహనం కూడా వేరు. కాని బిడ్డల క్షేమం గురించిన భయం, విన్న మాటను విచారింపకుండుట రెండింటిలోను ఒక్కటే.

ఇవి కూడా చూడండి

* బాణామతి
* మూఢనమ్మకాలు
* ఆర్థర్ మిల్లర్
* మసాచుసెట్స్
* జన విజ్ఞాన వేదిక